రీలు అయిదు, నూట ముప్పై అయిదు అడుగులు

2046 మే 2, బుధవారం. నాలుగో గది ఆరు డిగ్రీలు.

ఆఫీసు లాగుబుక్కు వేరే ఉంది. దాన్ని మెరుగు అనే యంత్రం చదువుతుంది. చదివి ఊరుకోదు, దిద్దుతుంది. "గదిలో ఎలుకలు తిరుగుతున్నాయి" అని పొద్దున రాస్తే మధ్యాహ్నానికల్లా "గదిలో పరిశుభ్రతను పెంచుకోవచ్చు" అని మారి ఉంటుంది. నా ఎలుకలు ఏమయ్యాయని అడిగితే చెప్పే నాథుడు లేడు. అందుకని ఈ కాగితం నోటుబుక్కు కొన్నాను. సిరాకి ఎవరి మెప్పూ అక్కర్లేదు.

నా పేరు హైమవతి. వయసు యాభై ఎనిమిది. ఉద్యోగం చెత్తకు కాపలా. గుంటూరు మిర్చియార్డు వెనకాల పాత కోల్డ్ స్టోరేజి ఒకటుంది. మూడు గదుల్లో మిరపకాయ బస్తాలు, నాలుగో గదిలో నాలుగు వందల పన్నెండు సినిమాలు. మిరపకాయలకు విలువుంది కాబట్టి కరెంటు వస్తుంది. వాటి పుణ్యాన సినిమాలు కూడా కుళ్లకుండా ఉన్నాయి. మంచి సినిమాలు ఇక్కడ లేవు, వాటన్నిటినీ మెరుగు ఎప్పుడో మింగేసింది. ఇక్కడున్నవి పగబట్టిన గొరిల్లాలు, పాము కడుపున పుట్టిన పోలీసులు, పదకొండు రోజుల్లో తీసి పన్నెండో రోజు అప్పులవాళ్లకి దొరక్కుండా పారిపోయినవాళ్ల కళాఖండాలు. పదహారేళ్లుగా తుడుస్తున్నాను, చుడుతున్నాను. వీటిలో ఒక్కటి కూడా నాకు నచ్చలేదు. అయినా ఎందుకు ఉంటున్నానంటే, నన్ను మెప్పించాలని చూడని సినిమాలు లోకంలో ఇవే మిగిలాయి. రేపు చూసినా ఇంతే దరిద్రంగా ఉంటాయి. ఆ ఒక్క గుణానికి నేను వాటిని గౌరవిస్తాను.

పక్క వాటాలో ఉండే సుధాకర్రావు గారు ఈ మాట ఒప్పుకోరు. ఆయన రోజూ పొద్దున్నే మొక్కలకు నీళ్లు పోస్తూ, తను చూసిన సినిమా కథ గోడ మీదుగా నాకు చెబుతారు. నెల రోజులుగా అంతా "రక్త జడ" గొడవే. చనిపోయిన పెళ్లికూతురు జడతో భూస్వాముల గొంతు నులిమే సినిమా. ఆయన తెరలో ఆ దెయ్యం చివర్లో మనసు మార్చుకుని గుత్తివంకాయ కూర వండి పెడుతుందట. ఆయన భార్య తెరలో అయితే భూస్వామి నలభై నిమిషాలు విలవిల్లాడి చస్తాడట. ఒకే మంచం మీద కూర్చుని, చెరో తెర పెట్టుకుని, చెరో సినిమా చూసి, "బాగుంది కదూ" అనుకుంటారు. చూసేవాడి కళ్లు ఎక్కడ ఆగితే అక్కడ సాగదీయడం, ఎక్కడ తిప్పుకుంటే అక్కడ కోసెయ్యడం మెరుగు పని. విసుగంటే ఏమిటో తెలియకుండా ఒక తరం పెరిగిపోయింది.

ఆ "రక్త జడ" ఈ గదిలోదే. పన్నెండేళ్ల కిందట స్కాన్ చేసి మెరుగుకి ఇచ్చింది నేనే. అసలుది చూస్తే సుధాకర్రావు గారికి జ్వరం వస్తుంది. స్మశానంలో ట్యూబులైటు కనిపిస్తుంది. శవం ఈగను తోలుకుంటుంది.

మే 4, శుక్రవారం. నాలుగో గది ఆరు డిగ్రీలు. రెండో గదిలో బస్తా పగిలి పొద్దుటి నుంచి తుమ్ములు.

బస్తా ఊడ్పిస్తుంటే ఒక ముసలావిడ వచ్చింది. నల్లగా, పొడుగ్గా, గొడుగు ఊతంగా పట్టుకుని.

"హైమవతంటే నువ్వేనా అమ్మాయ్?"

సినిమాల పిచ్చివాళ్లు నెలకు నలుగురైదుగురు వస్తారు. డబ్బా మూత తీసి వెనిగర్ వాసన పీల్చి కళ్లు మూసుకుంటారు. ఫిల్ము కుళ్లితే వచ్చే వాసన అది. అదేదో ప్రసాదమైనట్టు. ఈవిడ కూడా ఆ బాపతే అనుకున్నాను.

"శనివారం రండి. ఫొటోలు తీయకూడదు. డబ్బాలు వాసన చూడకూడదు."

"నేను చూట్టానికి రాలా. నన్ను నేను తీసుకుపోదామని వచ్చా."

ఆవిడ పేరు రావూరి కనకరత్నం. తెనాలి. వయసు డెబ్బై తొమ్మిది. "రక్త జడ"లో దెయ్యం ఆవిడే. నేను పరీక్షగా చూశాను. మొహం ముడతలు పడినా ఆ కనుబొమలు అవే.

"ఆ జడ నాలుగు కిలోలు. గోగునార పేని నల్లరంగు పూశారు. చీరాల అవతల పొగాకు ఆరబెట్టే బ్యారన్‌లో తీశారు. పదకొండు రోజులు మోస్తే మెడ పట్టేసింది, ఇప్పటికీ ఎడమవైపు తిరగదు" అంది. ఆ మాట చెప్పేటప్పుడు కాస్త గర్వం కూడా ఉంది. ఆ సినిమా గురించి గర్వపడేవాళ్లు భూమ్మీద ఉంటారని నేననుకోలేదు.

తర్వాత అసలు సంగతి చెప్పింది. సినిమాలో ఆవిడ స్నానాలగదిలోకి వెళ్లి తలుపేసుకుంటుంది. తర్వాతి సీనులో బయటికి వస్తుంది. మధ్యలో ఏమీ తీయలేదు. కానీ 1989లో నరసరావుపేటలో ఒక టాకీసులో ఆ మధ్యలో వేరే ఎవరో ఆడమనిషి స్నానం చేస్తున్న బిట్టు కలిపి వేశారు.

"మసక బొమ్మ. తలుపేసుకుంది నేను, లోపల నీళ్లు పోసుకునేది వేరే ఆమె. జనానికి తేడా తెలవలా. మా పెదనాన్న కొడుకు చూసొచ్చాడు. మా నాన్న టైలరు. ఆ వారమే షాపు కట్టేశాడు. నన్ను కొట్టలా, తిట్టలా. మాట్టాట్టం మానేశాడు, అంతే. సచ్చిందాకా మాట్టాళ్లా."

ఆవిడ ఊరు మారింది. సినిమా కోసం తగిలించుకున్న "రాగిణి" అనే పేరు తీసేసింది. తెనాలిలో మిషను కుట్టుకుంటూ, ఆడపిల్లలకు కుట్టు నేర్పుకుంటూ యాభై ఏళ్లు గడిపింది. అందరూ మర్చిపోయారు. ఇప్పుడు "రక్త జడ" మళ్లీ ఇంటింటికీ వచ్చింది.

"తొమ్మిదిమంది పిల్లలు వచ్చేవాళ్లు కుట్టుకి. ఇప్పుడు ఒక్కతీ రావట్లా. ఒక పిల్ల తల్లి వచ్చి చెప్పింది, 'మా ఆయన చూస్తన్నాడు పిన్నీ, అందులో మొకం మీదే' అని. అప్పుడన్నా మసక బొమ్మ, అమ్మాయ్. ఇప్పుడు నిజంగానే నా మొకం ఉంది. ఎట్టా వచ్చింది?"

ఎలా వచ్చిందో నాకు తెలుసు. ఆవిడకు మంచినీళ్లిచ్చి, సోమవారం మెరుగు ఆఫీసుకు వెళ్దామన్నాను.

మే 7, సోమవారం.

మెరుగు ఆఫీసులో ప్రాంతీయాధికారి పేరు రిత్విక్. పాతికేళ్లుంటాయి. ప్రతి మాటకీ ముందొక మేడమ్, వెనకొక మేడమ్. తిట్టినా నొచ్చుకోడు. నొచ్చుకోనివాణ్ణి తిట్టడం శుద్ధ దండగ.

"ముఖ సమన్వయం మేడమ్. ఒక పాత్రకి ఒక ముఖం ఉండాలి కదా. మధ్యలో వేరే ముఖం వస్తే మెరుగు దాన్ని పొరపాటుగా గుర్తించి సరిచేస్తుంది మేడమ్."

"అది పొరపాటు కాదయ్యా, బిట్టు. మీ యంత్రం ఈవిడ ముఖం తీసుకెళ్లి ఇంకొకావిడ ఒంటికి తగిలించింది. పైగా తొంభై సెకన్ల ముక్కని పదకొండు నిమిషాలు చేసింది."

"ఆదరణ ఉంది కదా మేడమ్."

మూలం స్కాన్ చూపించమన్నాను. స్థలం దండగని మూలాలు ఉంచరట. నా గదిలో ఉన్న ఫిల్ములో ఆ ముక్క లేదు, నేనే తీసేశాను, వచ్చి చూసుకోమన్నాను. ఆ కుర్రాడు నవ్వుతూనే నా నోరు మూయించాడు.

"తీసేసింది మీరే కదా మేడమ్. తీసేసిన ముక్కలో ఈవిడ లేరని మిగిలిన ఫిల్ము ఎలా చెబుతుంది?"

తర్వాత ఒక ఫారం తెచ్చి కనకరత్నం గారి ముందు పెట్టాడు. అందులో రెండే గళ్లు. ఈ దృశ్యంలో ఉన్నది: నేనే. నేను కాదు.

"నేనే అని పెడితే రెండు రోజుల్లో దృశ్యం మొత్తం తీసేస్తామండీ. ముఖం ఎవరిదో హక్కు వాళ్లది. నేను కాదు అంటే మాత్రం ముప్పై రోజుల్లో రుజువు తేవాలండీ. అందరూ మొదటిదే పెడతారు, సులువు."

"చెయ్యని దానికి నేనే అని రాయాలా?" అంది ఆవిడ. "మా నాయన ముందు కూడా ఒప్పుకోలేదు బాబూ. నీ ముందు ఒప్పుకుంటానా?"

రెండో గడిలో టిక్కు పెట్టి వచ్చేసింది. బస్సెక్కేదాకా ఆవిడతో ఉన్నాను. నేను ఏ పనికీ రాని మనిషిననిపించింది. అలా అనిపించడం నాకు అలవాటు లేదు.

మే 8, మంగళవారం. నాలుగో గది ఆరున్నర.

పాత రిజిస్టరు తీశాను. 2034 నవంబరు 14. నా చేతిరాతే. "రక్త జడ. రీలు 5. మధ్యలో 135 అడుగుల చెత్త. స్కాన్ అయ్యాక కోసి తీసేశాను."

అంతే. ఎవరున్నారు, ఏ ఫిల్ము, అతుకు ఎక్కడ, ఒక్క ముక్క రాయలేదు. పక్క పేజీలో గొరిల్లా సినిమాకి మాత్రం గొరిల్లా వేషం వీపు మీద జిప్పు కనిపిస్తోందని మూడు లైన్లు వెక్కిరించి రాశాను. వెక్కిరించడానికి ఉన్న ఓపిక రాయాల్సింది రాయడానికి లేకపోయింది. ఆ రెండు గళ్ల ఫారాన్ని నిన్న మనసులో అంత తేలికగా తిట్టుకున్నాను గానీ, ఈ ముసలావిడ మెడకు ఉరి బిగించిన తాడులో సగం పేనింది నేనే.

బిట్ల సంగతి నాకు తెలియనిది కాదు. ఉదయం ఆటకు జనం పల్చబడితే ఆపరేటరు ఎక్కడినుంచో తెచ్చిన బిట్టు సినిమా మధ్యలో అతికించేవాడు. పోలీసులొస్తున్నారంటే పీకి జేబులో పెట్టుకునేవాడు. నా దగ్గరికి వచ్చిన రీళ్లలో సగం ఈ అతుకులతోనే వచ్చాయి. వేరే రకం ఫిల్ము కాబట్టి వేరే తీరున ముడుచుకుని మిగతా రీలును పాడు చేస్తుంది. అందుకని స్కాన్ కాగానే కోసి గోనెసంచిలో పడేసేదాన్ని. చేతులు కాలాక ఆకులు పట్టుకున్నట్టు ఇప్పుడు ఆ సంచి కోసం వెతుకుతున్నాను.

సంచి ఎక్కడికి పోతుందో కూడా తెలుసు. ప్రతి శనివారం దావీదు పట్టుకుపోతాడు.

మే 12, శనివారం.

దావీదు నరసరావుపేటలో ఒకప్పుడు ఆపరేటరు. ఎనభై నాలుగేళ్లు. తెల్లచొక్కా, చంకలో బైబిలు. పదిహేనేళ్లుగా శనివారం శనివారం బస్సులో వచ్చి, "బిట్లేమన్నా ఉన్నాయా అమ్మగారూ" అని తల వంచుకుని అడిగి, సంచి తీసుకుని వెళ్లిపోతాడు. ముసలాడికి ఈ వయసులో ఇదేం రోగమని నేను చీదరించుకుంటూ ఇచ్చేదాన్ని. ఒక్కసారి కూడా కూర్చోమనలేదు.

ఇవాళ కూర్చోమన్నాను. "రక్త జడ" అనగానే మొహం పాలిపోయింది.

"నేనేనమ్మగారూ. అతికించింది నేనే. మేనేజరు తెచ్చిచ్చాడు. తలుపేసుకునేకాడ బాగా కుదిరిద్దన్నాడు. కుదిరింది. మూడు వారాలు ఆడింది."

"ఆ బిట్టు నీ దగ్గరుందా?"

"మీరిచ్చినయ్యన్నీ ఉన్నాయి. పాల డబ్బాల్లో పెట్టా. అరవై ఒకటి."

"ఇవన్నీ ఎందుకు దాస్తున్నావయ్యా?"

ఆయన బైబిలు అట్ట గోకుతూ చెప్పాడు. "జిల్లాలో నేను అతికించినయ్యన్నీ ఏరుకుందామని మొదలుపెట్టా. మా చర్చిలో నన్ను పెద్దని చేశారు. పాపం చేసినోడు ఏరుకోవాల గదా. తగలబెడదామని ఓసారి పెరట్లో కుప్ప పోశా. అగ్గిపుల్ల గీసినాక చెయ్యి రాలా. అందరూ మనుషులే గదమ్మగారూ అందులో."

పదిహేనేళ్లు నేను ఈ మనిషిని కుక్కను చూసినట్టు చూశాను. సిగ్గేసింది. టీ తెప్పించాను, అంతకంటే ఏం చెయ్యాలో తెలియలేదు.

మే 15, మంగళవారం. నాలుగో గది ఏడు డిగ్రీలు. కంప్రెసరు మూలుగుతోంది.

దావీదు ఆటోలో డబ్బాలు తెచ్చాడు. కనకరత్నం గారికి కబురు పెట్టాను. ఇద్దరినీ ఎదురెదురుగా కూర్చోబెట్టడమంటే భయమేసింది. ఆవిడ గొడుగు మడిచి ఆయన్ని పైనుంచి కిందికి చూసింది.

"నువ్వేనా?"

"నేనేనమ్మా."

"ఎంత పొట్టిగా ఉన్నావయ్యా! యాభై ఏడేళ్ల నుంచి నిన్ను ఆరడుగులోడనుకుంటన్నా." తర్వాత నా వైపు తిరిగి, "ఎక్కడ మొదలుపెడదాం?" అంది.

డబ్బాల మీద పేర్లు లేవు. ఒక్కో డబ్బాలో మూడు, నాలుగు చుట్టలు. ఆనవాలు ఏమిటని అడిగితే దావీదు చెప్పాడు. తను అతికించిన ప్రతి జాయింటు దగ్గర, ఫిల్ము అంచున బ్లేడుతో చిన్న సిలువ గీసేవాడట.

"ఎందుకు?"

"ప్రభువా, క్షమించు అని."

"క్షమించమని చెప్పి అతికించేవాడివా?"

"అవునమ్మగారూ. జీతం కావాల గదా."

నవ్వొచ్చింది, కోపం వచ్చింది. భూతద్దాలు పంచాను. ముగ్గురం సిలువల కోసం వెతకడం మొదలుపెట్టాము. కనకరత్నం గారు బొమ్మలు చూడనంది. అంచులు మాత్రమే చూస్తానంది, సిలువ దొరికితే బొమ్మ మమ్మల్ని చూసుకోమంది. రోజూ మొదటి బస్సుకి రావడం, పాల డబ్బాలోనే పెరుగన్నం తెచ్చుకోవడం, సాయంత్రం అయిదింటికి వెళ్లిపోవడం.

మే 19, శనివారం.

నలభై డబ్బాలయ్యాయి. సిలువలు చాలానే దొరికాయి, మా సిలువ దొరకలేదు. హైదరాబాదు నుంచి ఇద్దరు పిచ్చివాళ్లు వచ్చారు, "రక్త జడ" డబ్బా ముట్టుకుంటామని. కనకరత్నం గారు వాళ్ల ఎదురుగానే కూర్చుని ఫిల్ము చుడుతోంది. వాళ్లు ఆవిణ్ణి చూసి, "మామ్మా, కొంచెం పక్కకి జరుగుతారా, ఫొటో తీసుకోవాలి" అన్నారు. జరిగింది. తను ఆరాధించే దెయ్యాన్ని పక్కకి జరగమని చెప్పి డబ్బా ఫొటో తీసుకుపోయిన భక్తుణ్ణి నేను మొదటిసారి చూశాను. కళ్లుండీ చూడలేకపోవడమంటే ఇదే.

మే 21, సోమవారం. నాలుగో గది ఆరు డిగ్రీలు.

దొరికింది. యాభై రెండో డబ్బా.

నా బద్ధకమే కాపాడింది. అప్పట్లో జాయింటు దగ్గర సరిగ్గా కొయ్యడానికి ఓపిక లేక రెండు ఫ్రేములు ఇవతలికి కోసేశాను. అందువల్ల బిట్టుకి మొదట్లో అసలు సినిమా ఫ్రేములు రెండు అంటుకుని ఉండిపోయాయి. ఒక దాంట్లో తలుపు, గొళ్లెం మీద చెయ్యి, ఆ దిక్కుమాలిన నార జడ. రెండో దాంట్లో తలుపు మూసుకుంటోంది. దాని పక్కనే ఫిల్ము సిమెంటు జిగురుతో అతికించిన జాయింటు. జాయింటు అంచున సిలువ. ఆ తర్వాత వేరే రంగు ఫిల్ము, వేరే మనిషి. ఇంతకంటే రుజువు దేవుడు కూడా తేలేడు. నేను గట్టిగా అరిచాను కూడా.

కనకరత్నం గారు భూతద్దం అందుకుంది. ముందు తన చెయ్యి చూసుకుంది. తర్వాత జాయింటు దాటింది. అన్ని రోజులూ బొమ్మలు చూడనన్న మనిషి, ఈసారి కన్ను తీయలేదు.

నేనూ చూశాను. ముప్పై ఏళ్లుంటాయి. చామనఛాయ. తడిచీర. మెడలో పసుపుతాడు తీయడం మర్చిపోయింది. తాడుకి పిన్నీసులు.

"నాలుగు పిన్నీసులు" అంది కనకరత్నం గారు. "ఇంట్లో పని చేసుకుంటన్నదాన్ని చేసుకుంటన్నట్టే తీసుకొచ్చారు. ఇటు చూడమ్మాయ్. ఎవరో పక్కనుంటే అటు చూస్తంది. అయిపోయిందా అని అడుగుతంది."

"ఎవరయ్యా ఈమె?" అన్నాను దావీదుతో. ఆయనకి తెలియదు. బిట్లు రైల్లో మూటల్లో వచ్చేవట, పేర్లుండవట.

బుధవారం ఆఫీసుకి వెళ్దామనుకున్నాం. కనకరత్నం గారు ఇవాళ అన్నం ముట్టలేదు.

మే 23, బుధవారం.

చుట్టను పాల డబ్బాలోనే పెట్టి తీసుకెళ్లాం. దావీదు బయట చెట్టు కింద కూర్చున్నాడు. సాక్ష్యం చెప్పడానికి తెల్లచొక్కా ఇస్త్రీ చేయించుకుని వచ్చాడు.

రిత్విక్ కుర్చీలేశాడు. నేను డబ్బా మూత మీద చెయ్యి వేశాను. కనకరత్నం గారు నా చేతి మీద తన చెయ్యి పెట్టి ఆపింది.

"ముందొక సంగతి చెప్పు బాబూ. రుజువు తెస్తే ఏం చేస్తావు?"

"మీ ముఖం తీసేస్తామండీ. దృశ్యంలో అసలు ఎవరున్నారో వాళ్ల ముఖం పెట్టేస్తాం. న్యాయంగా."

"సీను తీసెయ్యవా?"

"ఆదరణ ఉన్న దృశ్యం కదండీ. ఆవిడ వచ్చి 'నేనే' అని ఫారం ఇస్తే తప్పకుండా తీస్తాం."

"రాకపోతే? చచ్చిపోయుంటే?"

"హక్కుదారు లేకపోతే దృశ్యం ఉంటుందండీ."

"ఆ పదకొండు నిమిషాలూ?"

"ఇప్పుడు పద్నాలుగండీ" అన్నాడు, ఏదో శుభవార్త చెప్పినట్టు.

నేను ఆవిడ చెవిలో, "రుజువు చేతిలో ఉంది పిన్నిగారూ. మీకోసం మీరు చూసుకోండి" అన్నాను. ఆ మాట మనసారా అన్నాను. ఎవరో ముక్కూమొహం తెలియని మనిషి కోసం ఈవిడ నలిగిపోవడం నాకు ఇష్టం లేదు.

"డబ్బాలో ఏముందండీ?" అన్నాడు రిత్విక్.

"పెరుగన్నం" అంది కనకరత్నం గారు. "మధ్యాహ్నానికి." డబ్బా నా ఒళ్లోంచి తీసుకుని గొడుగు పక్కన పెట్టుకుంది. "ఆ కాయితం ఇటియ్యి."

కొత్త ఫారం. అవే రెండు గళ్లు. తండ్రి జీవితాంతం మాట్లాడకపోయినా ఒప్పుకోని ఆ 'నేనే' గడిలో టిక్కు పెట్టింది. టైలరు కూతురు కాబట్టి గీత వంకర పోలేదు. రావూరి కనకరత్నం అని పూర్తి పేరు రాసి సంతకం చేసింది.

రిత్విక్ ఫారం తీసుకుని చూసి, నిజంగానే కదిలిపోయాడు. "ఒప్పుకోవడానికి చాలా ధైర్యం కావాలండీ. ముందే ఒప్పుకుని ఉంటే మీకు ఇంత శ్రమ ఉండేది కాదు" అన్నాడు. పదహారేళ్లలో నేను ఎంతమంది మీద నోరు పారేసుకున్నానో లెక్కలేదు. ఆ నోరు అసలు అవసరమైన క్షణంలో ఆవిడ నా మోచెయ్యి గట్టిగా పట్టుకుంది. ఊరుకున్నాను.

చివరికి అతనే చెప్పాడు. తర్వాత ఎవరైనా, ఉన్నది ఈవిడ కాదని రుజువు తెస్తే కేసు మళ్లీ తెరుస్తారట, దృశ్యం తిరిగి పెడతారట. అదీ న్యాయంగానే.

బయటికి రాగానే దావీదు లేచి నిలబడ్డాడు. సంగతి విని చెట్టు మొదట్లోనే మళ్లీ కూలబడ్డాడు.

"ఈ ఆదివారం చర్చిలో నిలబడి చెబుతానమ్మా. అందరి ముందూ చెబుతా, అది మీరు కాదని."

"నోరు మూసుకో. నువ్వు చెబితే వాళ్లు మళ్లీ తెరుస్తారు. ఆ పిల్లను మళ్లీ నిలబెడతారు. నువ్వు ఎవరికీ చెప్పబాక, సచ్చిందాకా. నీకదే శిక్ష." నా వైపు తిరిగింది. "నువ్వూ అంతే అమ్మాయ్. మాటియ్యి."

"ఎందుకు చేశారండీ ఈ పని? ఆవిడెవరో మీకు తెలియదు."

"యాభై ఏడేళ్లు దాన్ని తిట్టుకున్నా. రోజూ తిట్టుకున్నా. లంజముండ, నా బతుకు తగలేసిందని. మొకం కూడా ఎరగకుండా." గొడుగు తెరిచింది. "అయిపోయిందా అని అడిగింది గదా. అయిపోయిందని చెప్పొద్దూ ఎవురన్నా?"

మాటిచ్చాను. నాకు ఏడుపొచ్చింది, ఆపుకోలేదు. ఆవిడ బస్సెక్కి కిటికీ పక్కన కూర్చుంది.

మే 26, శనివారం. నాలుగో గది ఆరు డిగ్రీలు.

చుట్టను మంచి డబ్బాలోకి మార్చి అడుగు అరలో, గొరిల్లా వెనక పెట్టాను. పేరు రాయలేదు. ఈ నోటుబుక్కు కూడా అందులోనే పెట్టి మూత బిగిస్తాను. నేను, దావీదు, కనకరత్నం గారు పోయాక, మెరుగు కూడా పోయాక, ఎవరైనా తెరిస్తే తెరుస్తారు. అంతకు ముందు తెరిస్తే వాళ్ల చేతులు పడిపోను.

పొద్దున నేను కూడా నా తెర మీద "రక్త జడ" పెట్టాను. తలుపు మూసుకోగానే తెర నల్లబడింది. తెల్లక్షరాలతో ఒక వాక్యం వచ్చింది. "ఈ దృశ్యంలో నటించిన శ్రీమతి రావూరి కనకరత్నం (తెనాలి) కోరిక మేరకు దీనిని తొలగించాము." తొమ్మిది సెకన్లుంది. తలుపు తెరుచుకుంది.

ఆ వాక్యం చట్టప్రకారం మార్చడానికి వీల్లేదు, సాగదీయడానికి వీల్లేదు. సుధాకర్రావు గారి తెర మీదా అదే, ఆయన భార్య తెర మీదా అదే, తెనాలిలో ఆ తొమ్మిదిమంది ఆడపిల్లల ఇళ్లలోనూ అదే. ఈ రాష్ట్రంలో జనమంతా ఒకే రకంగా చూసినది ఈ పదిహేనేళ్లలో అదొక్కటే.

నీళ్ల గొట్టం పట్టుకుని ఆయన గోడ దగ్గరికి వచ్చారు. మొక్కలకు పోయాల్సిన నీళ్లు చెప్పుల మీద పోసుకుంటున్నారు.

"చూశారా హైమవతి గారూ? మంచి సీను తీసేశారు! ఆవిడేనట. పేరు, ఊరు, అన్నీ వేశారు. ఇన్నాళ్లూ తను కాదని అందరితో పోట్లాడిందట, మా బావమరిది తెనాలే, చెప్పాడు. చివరికి ఒప్పుకుంది చూశారా? మీకు ఆ సినిమా సంగతులన్నీ తెలుసు కదా. ఆవిడేనా?"

ఆయనకి ఇవ్వాల్సిన సమాధానాలు నా నోట్లో పది ఉన్నాయి. పదీ మింగాను.

"అవునండీ" అన్నాను. "ఆవిడే."